'మమ్మా గోగో'లో తల్లిగా చేసిన క్రిస్ట్‌బ్యోర్గ్ కెల్డ్ గురించి ఎవరూ మాట్లాడరేం?

గోదారిగట్టు_రవి
నిన్న రాత్రి 'మమ్మా గోగో' చూశాను. ఐస్‌లాండ్ సినిమా, 2010లో వచ్చింది, డైరెక్టర్ ఫ్రిద్రిక్ థోర్ ఫ్రిద్రిక్సన్. తల్లికి అల్జీమర్స్, కొడుకు అప్పుల్లో మునిగిన సినిమా డైరెక్టర్, చివరికి ఆమెను వృద్ధుల కేంద్రంలో చేర్చాల్సి వస్తుంది. కథ ఇంతే. అయ్యాక నెట్‌లో వెతికి నాలుగు వ్యాసాలు చదివితే అన్నీ డైరెక్టర్ గురించే. ఆయన సొంత తల్లి కథ అట, ఆయన పాత సినిమా ఆస్కార్ దాకా వెళ్లిందట. సినిమా మొత్తాన్ని మోసింది తల్లి వేషం వేసినావిడ. ఆవిడ గురించి రెండు లైన్లు మించి ఎవరూ రాయలేదు. నాకు ఒళ్లు మండింది.

ఇంకో సంగతి కూడా అడగాలి. గోగో తన పడుచు రోజులు గుర్తు చేసుకునే చోట నలుపు తెలుపు సీన్లు వస్తాయి. అందులో అమ్మాయికి, ఈవిడకి కళ్లు, నవ్వు అచ్చం ఒకేలా ఉన్నాయి. కూతురా? మనవరాలా? తెలిసినవాళ్లు చెప్పండి.

రెండోఆట
కూతురూ కాదు, మనవరాలూ కాదు. ఆవిడే.

అవి 1962లో వచ్చిన '79 అవ్ స్తోదిన్ని' అనే సినిమాలోని సీన్లు. ఇంద్రిది జి. థోర్‌స్టైన్సన్ 1955లో రాసిన నవల ఆధారం. అందులో ఆమె పాత్ర పేరు కూడా గోగోనే. క్రిస్ట్‌బ్యోర్గ్ కెల్డ్ పుట్టింది 1935 జూన్‌లో, అంటే అప్పటికి 27 ఏళ్లు. మమ్మా గోగో నాటికి 75కి దగ్గర. మధ్యలో దాదాపు అర్ధ శతాబ్దం.

సినీపిచ్చి_మధు
ఆగండాగండి. మరి సినిమాలో చనిపోయిన భర్త అప్పుడప్పుడు కనపడి మాట్లాడి వెళ్తుంటాడు కదా, ఆ పెద్దాయన?

రెండోఆట
ఆయన గున్నర్ ఎయోల్ఫ్‌సన్. 1962 సినిమాలో హీరో కూడా ఆయనే. పాత సీన్లలో గోగో పక్కన ఉన్న టాక్సీ డ్రైవర్.

సినీపిచ్చి_మధు
అమ్మో! నేను మేకప్ భలే కుదిరింది అనుకుంటూ చూశాను. మళ్లీ చూడాలి ఇప్పుడు.

గోదారిగట్టు_రవి
@రెండోఆట గారూ, ధన్యవాదాలు. ఇప్పుడు ఇంకా మండుతోంది. ఇంత పెద్ద సంగతి ఒక్క రివ్యూలో అయినా మొదటి పేరాలో ఉండొద్దా?

కోపెన్‌హాగన్_కిరణ్
ఆ 1962 సినిమా గురించి కొంచెం చెప్తాను, ఇక్కడ డెన్మార్క్‌లో ఆ డైరెక్టర్ పేరు తెలియనివాళ్లు ఉండరు. ఎరిక్ బాలింగ్. ఈయన తర్వాత 'ఓల్సెన్ బ్యాండెన్' అనే దొంగల కామెడీ సినిమాలు తీశాడు, ఇక్కడ మూడు తరాలు చూశాయి. 79 కోసం ఐస్‌లాండ్ వాళ్ల ఎడ్డా ఫిల్మ్, డెన్మార్క్ నార్డిస్క్ ఫిల్మ్ కలిశాయి. అప్పటికి ఐస్‌లాండ్‌లో సినిమా పరిశ్రమ అని చెప్పుకోడానికి ఏమీ లేదు. డైరెక్టర్ డెన్మార్క్ వాడు. నటులు, కథ, ఊరు ఐస్‌లాండ్‌వి. స్క్రిప్ట్ రాసింది అక్కడి జాతీయ రంగస్థలం అధిపతి గుద్లౌగుర్ రోసిన్‌క్రాన్స్.

కథ తెలియనివాళ్లకి: రాగ్నర్ అనే కుర్రాడు ఉత్తరాన స్కాగాఫ్యోర్దుర్ ప్రాంతపు పల్లె నుంచి రాజధాని రేక్యావిక్ వచ్చి టాక్సీ నడుపుతుంటాడు. 79 అతని కారు నంబరు. గోగోని ప్రేమిస్తాడు. ఆమెకి పెళ్లయింది, భర్త డెన్మార్క్‌లో మానసిక ఆసుపత్రిలో ఉంటాడు. కెఫ్లావిక్ సైనిక బేస్‌లోని అమెరికన్‌తో కూడా ఆమెకు సంబంధం ఉందని రాగ్నర్‌కి తెలుస్తుంది. కారు తీసుకుని సొంతూరి వైపు బయలుదేరతాడు. చేరడు.

పద్మజ_కె
కథ వింటుంటే గోగో విలన్ లాగా ఉందే? పల్లెటూరి అమాయకుడు, పట్నంలో మోసం చేసే ఆడది. ఇది మన దగ్గరా బోలెడు చూశాం.

కోపెన్‌హాగన్_కిరణ్
@పద్మజ_కె గారూ, కాగితం మీద అలాగే అనిపిస్తుంది. సినిమా చూస్తే అలా అనిపించదు, దానికి కారణం ఆమె నటనే అంటాను. ఆ రోజుల్లో అమెరికన్ సైన్యం ఐస్‌లాండ్‌లో పెద్ద గొడవ. 1951లో వచ్చారు, 2006 దాకా ఉన్నారు. బేస్‌లో అమెరికన్లతో తిరిగే ఆడవాళ్లని ఊరు చీదరించుకునేది. కాబట్టి ప్రేక్షకుడు హాల్లోకి వచ్చేటప్పటికే గోగో మీద తీర్పు చెప్పేసి వస్తాడు. కెల్డ్ మాత్రం గోగోని తప్పు చేసినదానిలాగా ఆడదు. ఒంటరితనంతో అలసిపోయిన మనిషిలాగా ఆడుతుంది. రాగ్నర్‌తో ఉన్నప్పుడు నిజంగానే సంతోషంగా ఉంటుంది, అందులో నటన కనపడదు. నేను రెండుసార్లు చూశాను, రెండోసారి ఆమె వైపే ఉన్నాను.

చిట్టిబాబు77
ఆ సినిమాలో పడకగది సీన్ ఉందని అప్పట్లో రచ్చ అయిందట కదా.

కోపెన్‌హాగన్_కిరణ్
అయింది. ఇప్పటి కళ్లతో చూస్తే అందులో ఏమీ లేదు. కానీ 1962, చిన్న దేశం. సినిమా వదిలిన మర్నాడు ఆమె బజారుకి వెళ్తే ఎదురయ్యే ప్రతి మనిషీ తెలిసినవాడే. ఆ ధైర్యాన్ని లెక్కలోకి తీసుకోవాలి.

రేక్యావిక్_అనూష
నేను ఇక్కడే ఉంటాను, ఉద్యోగం మీద వచ్చాను. ఆ సినిమాలోని పాట 'వేగిర్ లిగ్గ్యా తిల్ ఆత్లా ఆత్తా' ఇప్పటికీ ఇక్కడ బతికే ఉంది. సంగీతం సిగ్‌ఫుస్ హాల్డోర్సన్, పాడింది ఎల్లీ విల్హ్యాల్మ్స్. మా ఆఫీసులో పెద్దావిడ రిటైర్ అయిన రోజు అందరూ కలిసి ఇదే పాడారు. ముప్పయ్యేళ్ల కుర్రాళ్లకి కూడా చరణాలు వచ్చు. సినిమా చూడనివాళ్లకి కూడా గోగో అంటే ఎవరో తెలుసు.

క్రిస్ట్‌బ్యోర్గ్ గారిని ఇక్కడ పేరుతోనే పిలుస్తారు. ప్రెసిడెంట్‌నైనా అంతే.

వైజాగ్_వాసు
అందరూ 1962 నుంచి 2021 దాకా అరవై ఏళ్ల సినిమా కెరీర్ అని రాస్తుంటారు. నిజం చెప్పాలంటే అక్కడ జనాభా ఎంత? ఇప్పటికీ నాలుగు లక్షలు లేదు. గుంటూరు నగరంలో ఉన్నంత జనం కూడా లేరు. ఉన్న నటులు కొద్దిమంది, అందుకే అవే ముఖాలు మళ్లీ మళ్లీ. దీన్ని గొప్ప అనుకోవడం ఎందుకు? వేరే దారి లేదు వాళ్లకి.

నాటకం_శ్రీను
@వైజాగ్_వాసు బ్రో, ఇది నేను ఒప్పుకోను. కొంచెం పెద్ద పోస్ట్ పెడుతున్నాను, ఓపిక పట్టండి.

ముందు లెక్క చూడండి. 1962 తర్వాత ఐస్‌లాండ్‌లో సినిమాలు వరసగా వచ్చాయా? రాలేదు. 1967లో డెన్మార్క్ డైరెక్టర్ గాబ్రియెల్ ఆక్సెల్ అక్కడికి వచ్చి 'రౌదా స్కిక్యాన్' తీశాడు, 1977లో రేనిర్ ఒడ్సన్ 'మోర్ద్‌సాగా' తీశాడు. వేళ్ల మీద లెక్క. ప్రభుత్వం ఫిల్మ్ ఫండ్ పెట్టాక, 1980లో ఆగుస్త్ గుద్‌ముండ్సన్ 'లాండ్ ఓగ్ సీనిర్' వచ్చాకే అక్కడ ఏటా సినిమాలు మొదలయ్యాయి. అంటే హీరోయిన్‌గా పేరు వచ్చిన 27 ఏళ్ల అమ్మాయికి, అసలు సినిమా వయసు అంతా, తీసేవాళ్లే లేరు. ఇంకో దేశంలో అయితే ఆ అమ్మాయి పెళ్లి చేసుకుని మాయమైపోయేది, యాభై ఏళ్ల తర్వాత ఎవరో "అప్పటి తార ఇప్పుడెక్కడ" అని వీడియో చేసేవాళ్లు.

ఆమె మాయం కాలేదు. ఎందుకంటే ఆమె ఇల్లు సినిమా కాదు, రంగస్థలం. 1950ల చివరి నుంచి రేక్యావిక్‌లోని జాతీయ రంగస్థలంలో ఉంది. ఏటా కొత్త నాటకాలు, రాత్రి ప్రదర్శన, పగలు రిహార్సల్స్. నాయిక వేషాలు, తల్లి వేషాలు, ముసలమ్మ వేషాలు, అన్నీ వయసుతో పాటు వచ్చాయి. భర్త గుద్‌ముందుర్ స్టైన్సన్ కూడా నాటక రచయితే. ఆయన 'స్తుందార్‌ఫ్రిదుర్' 1979లో అక్కడే ఆడారు, అందులో ఈవిడ తల్లి వేషం. ఇంట్లో ఎవరికీ ఎవరితో మాట్లాడే తీరిక లేని కుటుంబం. ఒకపక్క ఫోన్ మోగుతూ ఉంటుంది, ఇంకోపక్క టీవీ నడుస్తూ ఉంటుంది. 1979లో రాసిన నాటకం! ఇవాళ మన ఇంట్లో హాల్లో కూర్చుని చూస్తే సరిపోతుంది.

కాబట్టి జనాభా తక్కువ కాబట్టి అవకాశాలు వచ్చాయి అనడం సగం కూడా నిజం కాదు. జనాభా తక్కువ ఉన్న దేశాలు ఇంకా చాలా ఉన్నాయి, అక్కడ ఇలాంటి నటి ఎందుకు లేదు? నటుడికి నెల జీతం ఇచ్చి, ఏడాది పొడుగునా పని ఇచ్చే వేదిక ఉండటం వల్ల. నటన కూడా కుస్తీ లాంటిదే, సాధన ఆగితే ఒళ్లు మర్చిపోతుంది. ఆమెకి ఆగలేదు.

వైజాగ్_వాసు
సాధన సంగతి ఒప్పుకుంటాను. కానీ జీతం ఇచ్చే రంగస్థలం ఉన్నా, పోటీ తక్కువ అన్నది నిజమే కదా అన్నా. అక్కడ 75 ఏళ్ల నటి కావాలంటే నలుగురు ఉంటారు, నలుగురిలో ఒకరు.

రేక్యావిక్_అనూష
@వైజాగ్_వాసు గారూ, ఇక్కడ చూస్తున్నాను కాబట్టి చెప్తున్నా. పోటీ తక్కువ కాదు. ఈ ఊళ్లో ప్రతి రెండో ఇంట్లో ఒకరు పాట పాడతారు, ఒకరు కథ రాస్తారు, ఒకరు నాటకం ఆడతారు. పైగా ప్రేక్షకుడికి నటి వ్యక్తిగతంగా తెలుసు. స్విమ్మింగ్ పూల్‌లో పక్కన కూర్చుంటుంది. అలాంటి ప్రేక్షకుడి ముందు, అదే ముఖంతో అరవై ఏళ్లు ప్రతిసారీ కొత్త మనిషిగా కనపడాలి. అది కష్టమా, తెలియని కోట్ల మందికి కనపడటం కష్టమా?

తెరవెనుక
👏👏 అనూష గారి పోస్ట్‌కి పది లైకులు కొట్టే వీలుంటే కొట్టేవాణ్ని.

నాటకం_శ్రీను
రంగస్థలానికి అక్కడ ఉన్న విలువ ఎంతో ఒక్క మాటలో: 1980లో ఐస్‌లాండ్ ప్రెసిడెంట్‌గా గెలిచిన విగ్దిస్ ఫిన్‌బోగదోత్తిర్, అంతకు ముందు ఎనిమిదేళ్లు రేక్యావిక్ నాటక సంస్థ డైరెక్టర్. ప్రజలు ఓట్లేసి ఎన్నుకున్న మొదటి మహిళా దేశాధ్యక్షురాలు ప్రపంచంలోనే ఆవిడ. నాటకాల నుంచి వచ్చింది!

ఇంకొకటి, ఆ జాతీయ రంగస్థలం భవనం కట్టడం 1930ల్లో డబ్బుల్లేక మధ్యలో ఆపేశారు. యుద్ధంలో బ్రిటిష్ సైన్యం వచ్చి దాన్ని గోడౌన్‌గా వాడుకుంది. చివరికి 1950 ఏప్రిల్ 20న తెర లేచింది. లక్షన్నర జనాభా కూడా లేని పేద దేశం, పట్టుబట్టి నాటకశాల కట్టుకుంది.

చిట్టిబాబు77
మా ఊళ్లో కళ్యాణమండపం 2009 నుంచి పిల్లర్ల మీదే ఉంది. ఈ లెక్కన ఇంకో ఏడాదో రెండేళ్లో ఆగితే చాలు 😀

పద్మజ_కె
టాపిక్‌కి వస్తే, మమ్మా గోగో నాకు అంత నచ్చలేదు. తిట్టకండి. తల్లి కథ అని పేరు పెట్టి కెమెరా ఎప్పుడూ కొడుకు వెంటే. అతని అప్పులు, బ్యాంకు, అతని సినిమాకి జనం రాకపోవడం. తల్లి జబ్బు కొడుక్కి ఇంకో సమస్య, అంతే. పైగా సొంత తల్లి జబ్బుని సినిమాగా తీసి చూపించడం. ఆవిడ ఒప్పుకునే స్థితిలో ఉందా? రవి గారు రివ్యూల మీద కోప్పడ్డారు కానీ ఆ తప్పు సినిమాలోనే ఉంది.

గోదారిగట్టు_రవి
@పద్మజ_కె గారూ, తిట్టను. కానీ నేను వేరేగా చూశాను. కొడుకు వెంట కెమెరా ఉన్నంతసేపు మనకి చిరాకు వస్తుంది, ఎందుకంటే అతను ఆమెని సరిగ్గా చూడట్లేదు. గోగో ఫ్రేమ్‌లోకి వచ్చిన ప్రతిసారీ అతని సమస్యలు చిన్నవైపోతాయి. కెల్డ్ ఆ జబ్బుని జాలి పుట్టేలా ఆడలేదు. మర్చిపోయాను అని తెలిసిన క్షణంలో సిగ్గు, వెంటనే దాన్ని కప్పిపుచ్చడానికి దబాయింపు. ఎవరో దొంగిలించారు, నువ్వే చెప్పలేదు, నాకేమీ కాలేదు. గడుసుతనం, పొగరు, సరసం, అన్నీ ఉన్న మనిషి. అంత మనిషి మెల్లగా జారిపోతుంటే చూడటం కష్టమైంది.

డా_లలిత
రవి గారు చెప్పిన దబాయింపు గురించి ఒక మాట. నేను వృద్ధులకు వైద్యం చేసే డాక్టర్ని. సినిమాల్లో అల్జీమర్స్ అంటే శూన్యంలోకి చూడటం, పేర్లు మర్చిపోవడం, కన్నీళ్లు. నిజంలో మొదటి దశలో మనిషి చాలా తెలివిగా తప్పించుకుంటారు. తారీఖు అడిగితే "రిటైరైనవాళ్లకి తారీఖు ఎందుకమ్మా" అని నవ్వించేస్తారు. ఇంటివాళ్లు ఏడాది, రెండేళ్లు గుర్తుపట్టరు. కెల్డ్ సరిగ్గా ఆ దశని పట్టుకుంది. నేను మా జూనియర్ డాక్టర్లకి ఈ సినిమా చూడమని చెప్తుంటాను.

పాత సీన్ల సంగతి కూడా. దగ్గరి జ్ఞాపకాలు పోయి పాతవి మిగలడం ఆ జబ్బు లక్షణం. నిన్నటి భోజనం గుర్తుండదు, 1962 గుర్తుంటుంది. ఇంకో అమ్మాయిని పెట్టి ఫ్లాష్‌బ్యాక్ తీస్తే అది కథ అయ్యేది. ఇక్కడ తెర మీద కనపడేది నిజంగా ఆమె పడుచుదనమే, ఫిల్మ్ మీద దాచిపెట్టినది.

మౌనిక_ఎస్
లలిత గారూ, మా అమ్మమ్మ ఇలాగే. "నాకు చెప్పకుండా బీరువా మార్చారు" అని గొడవ. మేము చాదస్తం అనుకున్నాం, మూడేళ్లు. మొదట చూపించిన డాక్టర్ కూడా వయసు మీద పడితే మామూలే అని పంపేశారు. మా అమ్మ ఇప్పటికీ ఆ మూడేళ్లలో విసుక్కున్న మాటలు తల్చుకుని బాధపడుతుంది. ఈ సినిమా అమ్మకి చూపించొచ్చా, వద్దా?

డా_లలిత
@మౌనిక_ఎస్, చూపించొచ్చు. కానీ అమ్మని ఒక్కరినీ కూర్చోబెట్టి చూపించకండి, మీరూ పక్కన ఉండండి. వృద్ధుల కేంద్రం సీన్లు అమ్మకి బరువుగా ఉంటాయి. నవ్వు వచ్చే చోట్లు కూడా చాలా ఉన్నాయి, ఆ నవ్వులే ఎక్కువ సాయం చేస్తాయి.

పద్మజ_కె
డాక్టర్ గారి మాటతో ఆవిడ నటన విషయంలో ఒప్పుకుంటాను. డైరెక్టర్ విషయంలో నా మాట అదే.

రెండోఆట
ఇక్కడ ఎవరూ చెప్పని లింకు ఒకటుంది. మమ్మా గోగోలో కొడుకు తీసిన సినిమా ముసలివాళ్ల గురించి, జనం రారు. అది ఫ్రిద్రిక్సన్ 1991లో తీసిన 'బోర్న్ నాత్తూరున్నార్'. వృద్ధుల కేంద్రంలో కలుసుకున్న ఇద్దరు చిన్ననాటి స్నేహితులు, జీపు దొంగిలించి పశ్చిమ ఫ్యోర్డ్స్‌లోని పుట్టిన చోటికి పారిపోతారు. ఐస్‌లాండ్ నుంచి విదేశీ భాషా చిత్రాల ఆస్కార్ తుది జాబితాకి చేరింది ఇప్పటిదాకా అదొక్కటే. అందులో నాయిక సిగ్రిదుర్ హగాలిన్, ఆవిడా నాటకాల నుంచి వచ్చిన నటే. మరుసటి ఏడాదే, 1992లో చనిపోయింది. మన మాటల్లో ఆవిడ పేరూ ఒకసారి రావాలని రాస్తున్నాను. పెద్ద వయసు ఆడమనిషిని నాయికగా పెట్టి ఒకే డైరెక్టర్ రెండు సినిమాలు తీశాడు, పద్మజ గారూ. ఆ ఒక్కటి అతనికి జమ వేయండి.

పద్మజ_కె
సరే, వేశాను 🙂

సినీపిచ్చి_మధు
క్రిస్ట్‌బ్యోర్గ్, గున్నర్ ఇంకే సినిమాలోనైనా కలిసి చేశారా? 1962, మళ్లీ 2010 అంతేనా?

తెరవెనుక
భలే అడిగారు. 2002లో 'హాఫిద్' ఉంది. బల్టాసర్ కోర్మాకుర్ తీసింది. నా దృష్టిలో ఇదే ఆమె అసలు పరీక్ష.

తూర్పు తీరంలో చిన్న జాలరి ఊరు. షూటింగ్ నెస్కౌప్‌స్తాదుర్‌లో. ఊరంతటికీ అన్నం పెట్టిన చేపల కంపెనీ పెద్దాయన థోర్దుర్, అదే గున్నర్. పెద్ద కంపెనీలు చేపల కోటాలు, అంటే చేపలు పట్టే హక్కులు, కొనేస్తున్నాయి, పిల్లలు అమ్మేద్దాం అంటారు, ఈయన ససేమిరా అంటాడు. అందరినీ ఇంటికి పిలుస్తాడు, రెండు రోజుల్లో కుటుంబం ముక్కలవుతుంది. క్రిస్ట్‌బ్యోర్గ్ ఆయన రెండో భార్య క్రిస్తిన్. మొదటి భార్యకి చెల్లెలు కూడా. ఆ ఇంట్లో ఆమె స్థానం ఏమిటో ఊహించుకోండి. పిల్లలకి పిన్నీ, సవతి తల్లీ. అందరూ అరుస్తుంటే ఆమె వడ్డిస్తూ ఉంటుంది. గొంతు ఎత్తదు. ఆ ఇంటి రహస్యం ఆమె భుజాల్లో కనపడుతుంది. 1962లో గోగోగా కారులో నవ్విన ఆడది, 2002లో అదే మనిషి పక్కన నోరు మూసుకుని బతికిన భార్య, 2010లో అదే మనిషి దెయ్యంగా వస్తే మళ్లీ సరసమాడే ముసలావిడ. ఒకే జంట, మూడు దాంపత్యాలు.

గోదారిగట్టు_రవి
ఈ "మూడు దాంపత్యాలు" చదివి కాసేపు ఆగిపోయాను. ఇంకే దేశంలోనైనా ఇలా ఒక జంట ఉందా అసలు?

కోపెన్‌హాగన్_కిరణ్
గున్నర్ 2016లో పోయారు. ఆయనది ఇంకో వింత జీవితం. లండన్‌లో రాడా అనే నటన కాలేజీలో చదివిన నటుడు, ఐస్‌లాండ్ స్కౌట్ల ఛీఫ్ కూడా.

నాటకం_శ్రీను
హాఫిద్ కూడా ముందు నాటకమే. ఓలాఫుర్ హౌకుర్ సిమోనార్సన్ రాసింది, 1992లో జాతీయ రంగస్థలంలో ఆడారు. కోర్మాకుర్ కూడా అక్కడ నటించినవాడే. మమ్మా గోగోలో కొడుకుగా చేసిన హిల్మిర్ స్నైర్ గుద్నసన్ కూడా ఆ వేదిక మనిషే. ఎటు తిరిగినా ఆ భవనం దగ్గరికే వస్తాం.

వైజాగ్_వాసు
చూశారా, మళ్లీ అందరూ ఒకే భవనం వాళ్లే. నేను చెప్పింది ఇదే కదా అన్నా 🙂 చిన్న ఊరు.

నాటకం_శ్రీను
చిన్న ఊరే. కానీ ఆ ఊరు తన పెద్ద నటిని ఖాళీగా కూర్చోబెట్టలేదు. నా వాదన అంతే తమ్ముడూ.

మౌనిక_ఎస్
హాఫిద్‌లో నోటికి ఏది వస్తే అది అనే బామ్మ ఒకావిడ ఉంటుంది కదా, ఆవిడ ఎవరు? నాకు ఆవిడే నచ్చింది అందరికంటే.

తెరవెనుక
హెర్దిస్ థోర్వాల్డ్స్‌దోత్తిర్. 1923లో పుట్టింది, ఆ సినిమా నాటికి 79కి దగ్గర. 1950లో జాతీయ రంగస్థలం ప్రారంభ ప్రదర్శనల్లో 'ఇస్లాండ్స్‌క్లుక్కాన్' నాటకంలో నాయిక స్నైఫ్రిదుర్ ఆవిడే. డైరెక్టర్ హ్రఫ్న్ గున్‌లౌగ్సన్, నటి తిన్నా గున్‌లౌగ్స్‌దోత్తిర్ ఆవిడ పిల్లలు. తిన్నా తర్వాత అదే రంగస్థలానికి అధిపతి అయింది.

రేక్యావిక్_అనూష
హెర్దిస్ గారిని ఇక్కడ ఇంకో పనికి కూడా గుర్తుపెట్టుకుంటారు. గొర్రెలు విచ్చలవిడిగా మేయడం వల్ల కొండల మీద మట్టి కొట్టుకుపోతోందని ఏళ్ల తరబడి పోరాడారు, దాని మీద డాక్యుమెంటరీ కూడా తీశారు. 2013లో పోయారు. రైతుల్లో కోపం తెచ్చిన సినిమా అది, ఆ వయసులో!

చిట్టిబాబు77
మన దగ్గర కూడా ఇలా ఉన్నారు కదా. భానుమతి గారు. 1951లో 'మల్లీశ్వరి', 1984లో 'మంగమ్మగారి మనవడు'. టైటిల్ పాత్రే బామ్మది, ఆవిడ కోసమే జనం వెళ్లారు. నిర్మలమ్మ గారు కూడా నాటకాల నుంచి వచ్చినవారే.

పద్మజ_కె
భానుమతి గారు ఒక్కరే అయ్యారు అలా, అదే నా బాధ. మిగిలినవాళ్లకి నలభై దాటగానే హీరో తల్లి, నాలుగు సీన్లు, ఒక ఏడుపు. నిర్మలమ్మ గారి లాంటి నటికి సినిమా మొత్తం తన భుజాల మీద ఉండే పాత్ర ఎన్నిసార్లు ఇచ్చారు? ఇక్కడితో ఆపుతాను, ఇది వేరే థ్రెడ్.

సినీపిచ్చి_మధు
మిగతా సినిమాలు కూడా చెప్పండి ఎవరైనా. లిస్ట్ రాసుకుంటున్నాను.

రెండోఆట
'మావాహ్లాతుర్' 2001, ఆగుస్త్ గుద్‌ముండ్సన్ డైరెక్షన్. 1950ల హాప్నార్‌ఫ్యోర్దుర్, ఇల్లంతా ఆడవాళ్లే, అమెరికా నుంచి ఒకమ్మాయి తిరిగొచ్చి ఊరిని తలకిందులు చేస్తుంది. క్రిస్ట్‌బ్యోర్గ్ ఆ ఇంటి బామ్మ. తర్వాత 2008లో 'స్వేతాబ్రూద్‌కౌప్', వాల్దిస్ ఓస్కార్స్‌దోత్తిర్ తీసింది. రెండు బస్సుల్లో పెళ్లివారు చర్చి దొరక్క తిరుగుతుంటారు, మాటలు చాలావరకు నటులు అప్పటికప్పుడు కల్పించుకున్నవి. డెబ్బై దాటిన మనిషి ఆ కుర్రాళ్లతో సమానంగా మాటకి మాట అందిస్తుంది. మమ్మా గోగోకి ఉత్తమ నటిగా ఎడ్డా అవార్డు వచ్చింది, అది అక్కడి సినిమా అవార్డు, 1999లో మొదలైంది. ఐస్‌లాండ్ ఆ ఏడాది ఆస్కార్‌కి పంపింది కూడా మమ్మా గోగోనే, నామినేషన్ రాలేదు.

'అల్మా' 2021, క్రిస్తిన్ యోహన్నెస్‌దోత్తిర్ డైరెక్షన్. ఇందులో ఫ్రెంచ్ నటి ఎమ్మాన్యుయెల్ రివా కూడా ఉంది. రివా 2017లో పోయింది, అంటే ఆమె పోయిన నాలుగేళ్లకు సినిమా వచ్చింది. రివా కూడా 2012లో 'ఆమూర్'లో జబ్బుపడిన ముసలి భార్యగా చేసి ప్రపంచాన్ని కదిలించింది. వాళ్లిద్దరినీ ఒకే సినిమాలో చూడటం కోసమైనా చూడండి.

వైజాగ్_వాసు
రివా సినిమాకి ఆస్కార్ వచ్చింది, అందరికీ తెలుసు. ఈవిడది అంతకు రెండేళ్ల ముందే వచ్చినా ఎవరికీ తెలియదు. ఈ ఒక్క విషయంలో రవి గారి కోపంతో నేనూ ఉన్నాను. ఫ్రాన్స్ సినిమాకి ఉన్న మార్కెట్ ఐస్‌లాండ్ సినిమాకి లేదు.

గోదారిగట్టు_రవి
వాసు గారూ, ఇన్ని పోస్టుల తర్వాత మీరు నాతో కలిశారు, చాలు.

ఆదివారం మా ఫిల్మ్ క్లబ్‌లో నా వంతు. హాఫిద్ ముందు వేసి, తర్వాత మమ్మా గోగో వేద్దామనుకుంటున్నాను. 79 కూడా దొరికితే బాగుండు.

తెరవెనుక
79 ముందు వేయాలి, లేకపోతే మమ్మా గోగోలో పాత సీన్లకి విలువ తెలియదు.

డా_లలిత
నేను ఒప్పుకోను. 79 తెలియకుండా చూసినప్పుడే "ఈ అమ్మాయి ఎవరు" అన్న ప్రశ్న పుడుతుంది. రవి గారికి పుట్టింది కదా, ఈ థ్రెడ్ అలాగే వచ్చింది. మమ్మా గోగో, తర్వాత 79, చివర హాఫిద్.

తెరవెనుక
హాఫిద్ చివర వేస్తే జనం ఇంటికి వెళ్లి ఆస్తుల గురించి గొడవ పడతారు డాక్టర్ గారూ 😀

రేక్యావిక్_అనూష
రవి గారూ, 79 గురించి ఇక్కడి ఫిల్మ్ ఆర్కైవ్‌లో అడిగి చెప్తాను. సబ్‌టైటిల్స్ ఉన్న కాపీ బయటికి ఇస్తారా లేదా అన్నది సోమవారం కనుక్కుంటాను. ఆదివారానికి అందదు, ఈసారికి మిగతా రెండూ వేసేయండి.

గోదారిగట్టు_రవి
అలాగేనండి. మమ్మా గోగో ముందు, హాఫిద్ తర్వాత. శ్రీను గారూ, జాతీయ రంగస్థలం గురించి విడిగా ఒక థ్రెడ్ పెట్టండి, ఆ భవనం కథ నాకు పూర్తిగా కావాలి.